యూదుల వాడలో రెండు ఉదయాలు

కొచ్చిలోని మట్టాంచేరికి నేను చేరినది ఒక శనివారం ఉదయం. ఎర్నాకుళంలో పడవ యెక్కి ఫోర్టు కొచ్చిలో దిగి, అక్కడినుండి ఆటోరిక్షాలో వెళ్లినాను. నాలుగువందల సంవత్సరాలకు పైబడిన యూదుల ప్రార్థనాలయాన్ని చూడవలెనన్న ఆత్రంతో సందు చివరికంటా నడచిపోతే, తలుపులు మూసియున్నవి. యూదులకు శుక్రవారం సూర్యాస్తమయం మొదలు శనివారం చీకటిపడువరకు సబ్బాతు, అనగా విశ్రాంతి దినము. ఆనాడు సందర్శకులకు ప్రవేశం లేదు. ఈ సంగతి తెలిసియుండి కూడ వారం లెక్క చూచుకొనక బయలుదేరినది నా పొరపాటు.

నాకు దారి చూపుటకు ఒక మిత్రుడు కుదిర్చిన పెద్దమనిషి అక్కడే నిలబడియున్నాడు. అరువది అయిదేండ్లు దాటినవాడు, ఆ వాడలోనే పుట్టి పెరిగినవాడు, యూదుడు కాడు. నా ముఖం చూచి నవ్వి, “ఇదీ మంచిదే సార్. తలుపు తెరచియుంటే అందరూ తిన్నగా లోపలికి పోయి, నేలమీది పలకలు చూచి, ఫోటో తీయించుకొని వెళ్లిపోతారు. వీధిని చూచేవారుండరు. ఈరోజు వీధి చూడండి, రేపు లోపలికి పోదాము” అన్నాడు. అందుచేత మా నడక రెండు ఉదయాలు సాగినది. ఇటువంటి వాడను చూడబోయేవారికి ఆ క్రమమే మేలని ఇప్పుడు నాకు తోచుచున్నది.

ముందుగా ఆ స్థలం అమరికను గ్రహించవలెను. కొచ్చిన్ రాజుల మట్టాంచేరి భవనం, ఆ ఆవరణలోని పళయన్నూరు భగవతి ఆలయం, యూదుల ప్రార్థనాలయం, ఈ మూడును ఒకదానినానుకొని ఒకటి ఉన్నవి. భవనాన్ని 1555 ప్రాంతంలో పోర్చుగీసువారు కట్టించి రాజుకు సమర్పించినారు. తరువాత డచ్చివారు బాగుచేయించుటవల్ల దానికి డచ్చి భవనమని పేరు వచ్చినది. లోపలి గోడలమీద రామాయణ కథ చిత్రింపబడియున్నది. ప్రార్థనాలయం 1568లో కట్టినది. స్థలం రాజు ఇచ్చినదే. దేవాలయపు మ్రోత వినవచ్చేంత దగ్గరలో, తన నివాసానికి ప్రక్కనే, అన్యమతస్థులకు గుడి కట్టుకొనుటకు ఒక రాజు చోటిచ్చినాడన్నది ఈ వీధిలో మొదట తెలిసికొనవలసిన సంగతి.

రాజు ఆ చోటు ఎందుకివ్వవలసివచ్చినదన్న ప్రశ్నకు జవాబు కొచ్చిలో లేదు. ఉత్తరంగా ఉన్న క్రాంగనూరులో కలదు. ఇప్పుడు దానిని కొడుంగల్లూరు అంటున్నారు. రోమనులు ముజిరిస్ అని పిలిచి మిరియాలకోసం ఓడలు నడిపిన రేవు ఆ ప్రాంతానిదే. యూద వర్తకులు ఏనాడు మొదట అక్కడ దిగినారో వారి సంప్రదాయకథలు పలువిధాల చెప్పును. సొలొమోను రాజు ఓడలలోనే వచ్చినామని కొందరు, క్రీస్తుశకం 70లో యెరూషలేము దేవాలయం నాశనమైన తరువాత వచ్చినామని కొందరు అంటారు. శాసనాలు మాత్రం అంత దూరం పోవు. చేందమంగళంలో సారా అనే యూదస్త్రీ సమాధిరాయి ఒకటి ఉన్నది. దానిమీది హీబ్రూ లిపిలో ఉన్న కాలం 1269వ సంవత్సరానికి సరిపోవును. మన దేశంలో దొరికిన హీబ్రూ శాసనాలలో అదియే ప్రాచీనమైనదని ప్రసిద్ధి.

1341లో పెరియార్ నదికి పెద్ద వరద వచ్చినది. ఇసుక మేటవేసి క్రాంగనూరు రేవు చెడినది. అదే కాలాన కొచ్చివద్ద సముద్రపు మొగ తెరచుకొని మంచి రేవు ఏర్పడినది. వర్తకం వెంట వర్తకులు కదలినారు. మూడేండ్లకే, 1344లో, కొచ్చిలోని కొచ్చంగాడిలో యూదులు ఒక ప్రార్థనాలయం కట్టుకొన్నారు. ఆ కట్టడం ఇప్పుడు లేదు. దాని శిలాఫలకం మాత్రం మట్టాంచేరి ప్రార్థనాలయపు గోడలో పొదుగబడియున్నది. క్రాంగనూరులో మిగిలినవారిపై 1524లో మిరియాల వర్తకపు స్పర్ధలవల్ల దాడి జరిగినది. పోర్చుగీసువారి బలం పెరిగినకొలది వారి పరిస్థితి మరింత కష్టమైనది. ఆ శతాబ్దపు మధ్యభాగానికి వారు కొచ్చిన్ రాజు నీడకు చేరుకొన్నారు. స్పెయిన్‌నుండి 1492లో వెళ్లగొట్టబడినవారి సంతతివారు, సిరియా మొదలైన దేశాలవారు కొందరు వారితో కలసినారు. వీరినే “పరదేశి” యూదులన్నారు. ఆ మాట మనకును తెలిసినదే. పాతకాపులైన మలబారు యూదులు వేరు, ఈ పరదేశులు వేరు. ఈ భేదాన్ని పాఠకులు జ్ఞాపకముంచుకొనవలెను. ముందు దానితో పని ఉన్నది.

శనివారం మేము ఆ వీధిని ఉత్తరంనుండి దక్షిణానికి మెల్లగా నడచినాము. ఇండ్లు ఒకదానికొకటి అంటుకొని వీధివారగా ఉన్నవి. క్రింద అంగళ్లు, గిడ్డంగులు, మీద నివాసాలు. కొన్ని కిటికీల ఇనుప కమ్ములలో ఆరు కోణాల నక్షత్రం కనిపించును. ఒక వాకిటి కుడి ద్వారబంధాన్ని మా మార్గదర్శి వ్రేలితో తాకి చూపినాడు. కొయ్యలో జానెడుకంటె చిన్న పొడుగుపాటి గుర్తు ఉన్నది. యూదులు తమ ధర్మగ్రంథవాక్యాలు వ్రాసిన తోలుచుట్టను చిన్న గొట్టంలో ఉంచి వాకిటికి బిగింతురు. దానిని మెజుజా అంటారు. ఇంటివారు వెళ్లిపోయినప్పుడు అది ఊడదీయబడినది. మేకుల బొక్కలు మిగిలినవి. ఇప్పుడా ఇంటిలో పాత సామానుల అంగడి ఉన్నది. దానినానుకొన్న గిడ్డంగిలోనుండి శొంఠి, మిరియాల ఘాటు వీధిలోనికి వచ్చుచున్నది.

ఆ అంగడి మెట్టుమీద కూర్చుండి మా మార్గదర్శి తన చిన్ననాటి మాట ఒకటి చెప్పినాడు. సబ్బాతునాడు యూదులు నిప్పు రాజేయరాదు, దీపం వెలిగించరాదు, ఆర్పరాదు. ఆ పని చేయమని ఇతరులను నోరు తెరచి అడుగుట కూడ నియమానికి విరుద్ధమే. ఎదురింటి ముసలమ్మ శనివారం సాయంత్రం వాకిటిలో కూర్చుండి, ఎవరితోనో కాదన్నట్లు, “ఎంత చీకటిగా ఉన్నది!” అనేదట. ఎనిమిదేండ్ల ఈ పిల్లవాడు గబగబ లోపలికి పోయి దీపపు మీట నొక్కేవాడు. ఆమె ఏమీ అనేది కాదు. మరునాడు పిలిచి తినుటకు ఏదో పెట్టేది. “నేను ఆ యింటివాడినని అనుకొనేవాణ్ణి సార్. వాళ్లు ఓడ యెక్కినప్పుడు తెలిసింది కానని” అన్నాడు.

వీధికి మూడు ప్రార్థనాలయాలుండేవి. ఉత్తరపు కొసన పరదేశి, నడుమ తెక్కుంభాగం, దక్షిణపు కొసన కడవుంభాగం. తరువాతి రెండును మలబారు యూదులవి. తెక్కుంభాగం ఇప్పుడు లేదు. 1544లో కట్టిన కడవుంభాగం, యూదులు వెళ్లిపోయిన పిదప గిడ్డంగిగా మారినది. చెక్కడపు పనితనంగల దాని లోపలి కొయ్యపనిని 1990ల నాటికి యెరూషలేములోని ఇస్రాయేలు మ్యూజియముకు తరలించి అక్కడ తిరిగి కూర్చినారు. ఇక్కడ మిగిలిన గోడలలో కొంతభాగం 2019 వర్షాలకు కూలినది. మట్టాంచేరిలో గోడ, యెరూషలేములో దాని లోపలి భాగం. ఈ వాడ చరిత్ర ఎట్లు చెదరినదో తెలిసికొనుటకు ఆ కట్టడం ఎదుట అయిదు నిమిషాలు నిలబడిన చాలును. అయినను సందర్శకులలో ఎక్కువమంది అంతవరకు రారు.

ఆదివారం తలుపులు తెరచినారు. వీధివైపు గడియార స్తంభం ఉన్నది. 1760లో దానిని కట్టించినవాడు ఎజెకియేలు రహాబి. అతడు డచ్చి కంపెనీకి కొచ్చిలో ప్రధాన వర్తకుడు. అతని వంశం అలెప్పోనుండి వచ్చినది. గడియారానికి ఒకవైపు రోమన్ అంకెలు, ఒకవైపు హీబ్రూ అంకెలు, మరొకవైపు మలయాళపు అంకెలు కలవు. రేవులో దిగిన వర్తకునికి, ప్రార్థనకు వచ్చిన యూదునికి, భవనంలోని రాజుకు ఎవరి లెక్కలో వారికి కాలం తెలియవలెనన్న ఏర్పాటది.

పాదరక్షలు విడిచి లోపలికి పోవలెను. ఇది మన దేశాచారాన్ని యూదులు తమదిగా చేసికొన్నదే; ఇతర దేశాల యూదుల ప్రార్థనాలయాలలో సాధారణంగా ఈ నియమం లేదు. కాలి క్రింద చైనాలోని కాంటన్‌నుండి తెప్పించిన నీలి తెలుపు పింగాణి పలకలు. రాజభవనంకోసం వచ్చిన ఈ పలకల తయారీలో గోరక్తం కలసినదని చెప్పి యూదులు వీటిని సంపాదించినారని ఒక కథ ప్రచారంలో ఉన్నది. అది కథే. ఏ రెండు పలకలూ ఒకతీరుగా ఉండవని కూడ చెప్పుదురు. నేను వంగి చూచినాను. మూలచిత్రాలు కొన్నియే, వంతెన, చెట్టు, పూలకొమ్మ మరల మరల వచ్చుచున్నవి. కాని ప్రతి పలకను చేతితో చిత్రించినందున ఒకదాని రేఖ మరొకదానితో అచ్చంగా కలియదు. పైకప్పునుండి గాజు దీపాలు, శాఖాదీపాలు వ్రేలాడుచున్నవి. నడుమ ఇత్తడి కమ్ముల వేదిక. పడమటి గోడలోని అలంకృతమైన మందసంలో తోరా గ్రంథపు చుట్టలుంటవి; యెరూషలేము ఆ దిక్కున ఉన్నది. కేరళ ప్రార్థనాలయాలలో మేడమీద కూడ రెండవ వేదిక ఒకటి ఉండుట విశేషము. దాని వెనుక, కొయ్య తడికకు ఆవల, స్త్రీలు కూర్చుండేవారు. పండుగలలో గ్రంథపఠనం ఆ మేడమీదినుండే సాగేది.

ఈ ప్రార్థనాలయపు సొత్తులలో చరిత్రకారులకు మిక్కిలి విలువైనవి రాగిరేకులు. చేర రాజు భాస్కర రవివర్మ యోసేపు రబ్బాను అనే యూదప్రముఖునికి అంజువణ్ణం అనే వర్తకసంఘపు ఆధిపత్యాన్ని, 72 గౌరవాధికారాలను వంశపారంపర్యంగా ఇచ్చిన శాసనమది. యూదుల సంప్రదాయం దీనిని క్రీస్తుశకం 379 నాటిదనును. లిపిని, రాజుల కాలాన్ని పరిశీలించిన పండితులు క్రీస్తుశకం 1000 ప్రాంతానిదని నిర్ణయించినారు. పగటి దివిటీ, నడకకు పరచే వస్త్రం, అందలం, గొడుగు, తోరణం, ఇటువంటివే ఆ గౌరవాలు. వీనిలో “వడుగ పఱై” అనునది ఒకటి ఉన్నది. వడుగ అనగా దక్షిణదేశంలో తెలుగు అని అర్థం. పఱై అనగా డప్పు. అది తెలుగువారి వాద్యమే కావచ్చునని శాసనపండితులు సూచించినారు. వేయేండ్ల క్రిందట క్రాంగనూరు వీధులలో ఒక యూదప్రభువు ఊరేగినప్పుడు ముందు మ్రోగినది మన వాద్యమైయుండవచ్చునన్న ఊహ, శబ్దంతో జీవనం సాగించే నావంటివానికి కొంత సంతోషం కలిగించినది. 2017లో భారత ప్రధాని ఇస్రాయేలు వెళ్లినప్పుడు అక్కడి ప్రధానికి బహూకరించిన వస్తువులలో ఈ రేకుల నకలు కూడ ఉన్నది.

ఇంతవరకు మా మార్గదర్శి ఉత్సాహంగా చెప్పుచుండెను. “ప్రపంచమంతా వీళ్లను తరిమింది సార్, మన దేశం ఒక్కటే తరమలేదు. ఇక్కడ ఎవరికీ ఏ భేదమూ లేదు” అన్నాడు. మొదటి మాట చాలవరకు సత్యము. కొచ్చిలో యూదుల ఇండ్లు దోచినది, ఈ ప్రార్థనాలయాన్ని 1662లో పాడుచేసినది పోర్చుగీసువారు. తమ శత్రువులైన డచ్చివారికి యూదులు తోడ్పడినారని వారికి ఆగ్రహము. మరుసటి సంవత్సరమే డచ్చివారు కొచ్చిని పట్టుకొనగా ప్రార్థనాలయం మరల నిలబడినది. కొచ్చిన్ రాజులవల్ల యూదులకు హింస కలుగలేదు.

కాని రెండవ మాట విని నేను ఊరకుండలేకపోయినాను. వాకిటిలోని ముందుగదిని చూపి, “ఇక్కడ ఎవరు కూర్చుండేవారు?” అని అడిగినాను. ఆయన కొంతసేపు మాటాడలేదు. తరువాత మెల్లగా, “అది మీకెట్లా తెలుసు సార్? మా నాన్న చెప్పేవాడు. నేను వచ్చినవాళ్లకు చెప్పను. సరదాగా చూడవచ్చినవాళ్లకు అవన్నీ ఎందుకని” అన్నాడు.

సంగతి ఇది. పరదేశి యూదుల ఇండ్లలో పూర్వం దాసులుగా, సేవకులుగా ఉండి, యూదమతం స్వీకరించి, స్వేచ్ఛ పొందినవారి సంతతి ఒకటి ఉండేది. వారిని హీబ్రూలో మెషుహ్రారిములు, అనగా విమోచితులు అనేవారు. మతంలో వారు యూదులే; నియమాలన్నియు పాటించినవారే. అయినను ఈ పలకలమీద వేసిన బల్లలపై కూర్చుండుటకు వారికి హక్కు లేదు. ముందుగదిలో నేలమీద కూర్చుండి ప్రార్థన చేసికొనవలెను. వేదికపై గ్రంథపఠనానికి వారిని పిలువరు. పరదేశులు వారితో గాని, మలబారు యూదులతో గాని వియ్యమందరు. “తెల్ల యూదులు”, “నల్ల యూదులు” అన్న పేర్లు పుట్టినది ఈ వీధిలోనే. రాజు చోటిచ్చిన గుడిలో తోటివారికి చోటు లేకపోయినది.

ఆ విమోచితుల కుటుంబంలో 1882లో పుట్టినవాడు అబ్రహాం బరాక్ సేలం. మదరాసులో న్యాయశాస్త్రం చదివి న్యాయవాది అయినాడు. కొచ్చిన్ శాసనసభలో సభ్యుడుగా ఉన్నాడు. 1929 లాహోరు కాంగ్రెసుకు వెళ్లినాడు. గాంధీజీ మార్గాన్ని నమ్మినవాడగుటచేత, దేశంలో సాగుచున్న సత్యాగ్రహాన్నే తన ప్రార్థనాలయపు వాకిట ప్రయోగించినాడు. పిల్లలను వెంటబెట్టుకొని వచ్చుట, నిరసన తెలుపుట, కొంతకాలం బహిష్కరించుట, మరల వచ్చుట, ఈ విధంగా ఏండ్ల తరబడి పోరాడినాడు. కట్టుబాట్లు ఒక్కొక్కటిగా సడలినవి. బల్లలమీద చోటు దొరికినది. కాని మనసులు అంత త్వరగా మారలేదు. సేలం కుమారుడు 1950లో ఒక పరదేశి కన్యను వివాహమాడదలచినప్పుడు ఆ పెండ్లి కొచ్చిలో జరుగలేదు, బొంబాయిలో జరుపవలసివచ్చినది. ఇప్పుడా వీధికి సేలం పేరే పెట్టియున్నారు. ఆ పేరుగల పలక క్రింద నిలబడి ఫోటో తీయించుకొనేవారిలో ఆయన ఎవరో అడిగినవారు నాకు కనబడలేదు.

1948లో ఇస్రాయేలు ఏర్పడిన తరువాత మలబారు యూదులు ఇంచుమించు ఊళ్లకు ఊళ్లుగా, ముఖ్యంగా 1950ల నడిమి సంవత్సరాలలో, వెళ్లిపోయినారు. వారి ప్రయాణానికి కావలసిన ఏర్పాట్లకై శ్రమించినవారిలో సేలం ఒకడు. ఆయన మాత్రం వెళ్లలేదు. 1967లో కొచ్చిలోనే మరణించినాడు. మరుసటి సంవత్సరం పరదేశి ప్రార్థనాలయపు నాలుగువందల ఏండ్ల ఉత్సవం జరిగినది. ప్రధానమంత్రి ఇందిరాగాంధీ వచ్చినారు. తపాలా శాఖవారు స్మారక బిళ్ల వెలువరించినారు. అంతటి ఉత్సవం జరిగిన పిదప పరదేశులును ఒక్కొక్క కుటుంబంగా తరలిపోయినారు. యూదుల సామూహిక ప్రార్థనకు యుక్తవయస్సుగల పదిమంది పురుషులుండవలెను. ఇప్పుడీ వాడలో ఆ సంఖ్య లేదు. బయటినుండి యూదులు యాత్రికులుగా వచ్చి కలసిననాడే ఆ లెక్క నిండును.

పోయినవారు భాషను వెంట తీసికొనిపోయినారు. కొచ్చి యూదస్త్రీలకు మలయాళంలో పెండ్లిపాటలు, బైబిలు కథల పాటలు అనేకం ఉండేవి. తల్లులు నోటుపుస్తకాలలో వ్రాసుకొని కూతుళ్లకిచ్చేవారు. పురుషుల ఎదుట స్త్రీలు పాడరాదన్న నియమం అనేక యూదసంఘాలలో ఉండగా, ఇక్కడ వారు సభలో ధారాళంగా పాడినారు. ఇస్రాయేలుకు పోయిన వృద్ధస్త్రీలనుండి పరిశోధకులు ఆ పాటలను సేకరించి ధ్వనిముద్రణ చేసినారు. నెగెవ్ ఎడారి ప్రాంతంలోని నెవాతిం గ్రామంలో స్థిరపడిన కొచ్చి యూదులు తమ సంస్కృతికి ఒక ప్రదర్శనశాల నెలకొల్పుకొన్నారు. మన వైపున చేందమంగళం, పరవూరు ప్రార్థనాలయాలను కేరళ ప్రభుత్వం బాగుచేయించి ప్రదర్శనశాలలుగా నడుపుచున్నది. తీరికగలవారు ఆ రెండును చూచిన పిదప మట్టాంచేరికి వచ్చినచో ఈ కథ క్రమంగా బోధపడును.

చూడబోయేవారికి రెండు మూడు మాటలు. శనివారం, యూదుల పండుగదినాలు తప్పించుకొనవలెను. శుక్రవారం పెందలకడనే చేరవలెను. భుజాలు, మోకాళ్లు కప్పే దుస్తులు ధరింపవలెను. వీధిని దక్షిణపు కొస వరకు నడువవలెను. అన్నింటికంటె ముఖ్యంగా, ఆ వాడవానినొకనిని వెంటబెట్టుకొనవలెను. అతడు చెప్పినది విని ఊరకుండక అడుగవలెను. నివసించినవారు లేని వాడకు దారి చూపేవాడే జ్ఞాపకము. మనం మెచ్చుకొన్నదే అతడు మరునాడు వచ్చినవారికి చెప్పును. మనం అడుగనిది క్రమంగా మరచిపోవును. రాజు ఔదార్యం ఒకటే చెప్పుకొంటూ పోయినచో, ముందుగదిలో నేలమీద కూర్చున్నవారు పది సంవత్సరాలలో ఈ కథలోనుండి కూడ బయటికి పోవుదురు.

తిరిగివచ్చునప్పుడు మెట్లు దిగి చెప్పులు తొడుగుకొనుచుండగా ఉత్తరదేశపు యాత్రికుల కుటుంబం ఒకటి మా మార్గదర్శిని చుట్టుముట్టినది. నేను కొంచెం దూరంలో నిలబడి విన్నాను. రాజు ఇచ్చిన స్థలం, చైనా పలకలు, మూడు రకాల అంకెల గడియారం, అన్నియు వరుసగా చెప్పినాడు. తరువాత ఒకసారి నా వైపు చూచి, వారిని వాకిటి ముందుగదిలోనికి తీసికొనిపోయి, “ఇక్కడ కొందరు నేలమీద కూర్చునేవారు” అని మొదలుపెట్టినాడు.